ఎడమవాలు

చెయ్యి పైకెత్తమన్నారు. ఐలేశం ఎత్తాడు. కుడిచెయ్యి రొమ్ము దాకా వచ్చి, అక్కడ మొండికేసిన ఎద్దులా ఆగిపోయింది. పళ్లబిగువున ఇంకాస్త లేపబోయాడు గానీ భుజంలో కలుక్కుమని, చెయ్యి దానంతటదే దిగిపోయింది.

గీత సంఘం అరుగు మీద కూర్చున్నవాళ్లంతా ఆ చేతినే చూశారు. చూసి, చూడనట్టు తలలు తిప్పుకున్నారు. దేవరకొండ చుట్టుపక్కల తాటిచెట్టు మీంచి పడ్డ మనిషి లేని గీత సంఘం ఉండదు. ఆ చెయ్యి రేపు తమదీ కావచ్చునని అక్కడ ప్రతివాడికీ తెలుసు. తెలిసిన సంగతే ఎదురుగా వచ్చి కూర్చుంటే చూడడం కష్టం.

సంఘం ప్రెసిడెంటు ఎల్లేశం వక్కను ఈ దవడ నుంచి ఆ దవడకు మార్చుకున్నాడు. "చూస్తివి గద ఐలేశం. చెయ్యి లేస్తలేదాయె. ఇగ చెట్టెట్ల ఎక్కుతవు? జడ్చర్ల కాడ మందుల కంపెనీల మా బామ్మర్ది ఉన్నడు. వాచ్‌మెన్ పనికి చెప్త. కుర్చీ మీద కూసునే పని. నీడపట్టున ఉంటవు."

"నాకు కుర్చీ ఎందుకన్నా? నా చెట్లు నాకియ్యుండ్రి."

అరుగు చివర నవీన్‌కుమార్ సెల్‌ఫోన్ లోంచి తలెత్తాడు. ఎల్లేశం అన్నకొడుకు. డిగ్రీ చదివి, ఉద్యోగం దొరక్క చెట్టెక్కే మోకు పట్టినవాడు. రెండేళ్ల కింద ఐలేశం పడ్డ నాటి నుంచి అతని చెట్లను ఇతనే గీస్తున్నాడు, "చెయ్యి బాగయ్యేదాక" అన్న మాట మీద. నవీన్ చెడ్డవాడు కాదు. అలాగని చేతికొచ్చిన చెట్లను వదులుకునేంత మంచివాడూ కాదు.

"కుడిచెయ్యి లేవదు. మంచిది. కత్తి ఎడమచేత్తో పడ్త," అన్నాడు ఐలేశం.

ఎవరో కిసుక్కున నవ్వారు. ఆ నవ్వు సగంలో ఉండగానే పెద్దులు గొంతు ఖంగుమంది. "పుర్రచేతి గీతనా?"

పెద్దులు ఐలేశానికి చిన్నాయిన. తండ్రి లేని పిల్లవాణ్ణి చెట్టెక్కించి, కత్తి పట్టించి, గీత నేర్పిన గురువు. అరవై దాటినా ఇంకా పొద్దునా మాపునా చెట్టెక్కుతున్న మనిషి. ఆ సంఘంలో ఆయన మాటకు ఎదురు లేదు.

"పుర్రచేతి కల్లు కాటమయ్య ముట్టడు. గీ సంఘంల ఎన్నడన్న ఇన్నమా కన్నమా? చిన్నప్పుడు గీ చెయ్యి మీద ఎన్ని ఈతబరిగెలు ఇరిగినయో నీకు యాది లేదా?"

యాది లేకేం. ఐలేశం ఎడమచేతి వేళ్లు వాటంతటవే ముడుచుకున్నాయి. నలభై దాటిన మనిషి, పెళ్లీడు బిడ్డ ఉన్న మనిషి, బరిగె మాట వినగానే చెయ్యి వెనక్కి లాక్కున్నందుకు తన మీద తనకే రోషం వచ్చింది. లాక్కున్న చేతిని మళ్లీ ముందుకు తెచ్చి మోకాలి మీద పెట్టుకున్నాడు.

"దేవుని ముచ్చట పక్కకు పెట్టు కాకా," అన్నాడు ఎల్లేశం. "వాలు సంగతి చెప్పు. మన చెట్లన్ని కుడివాలు."

ఆ మాటలో న్యాయం లేకపోలేదు. కత్తి ఏ చేతిలో ఉంటే తాటి పూగెల మీద కోత ఆ చేతివైపు వాలుతుంది. ఆ వాలు కొస నుంచే కల్లు చుక్క చుక్కగా కింద కట్టిన లొట్టి కుండలో పడుతుంది. ఒక చెట్టుకు ఒకటే వాలు. ఒకడికి జ్వరమొస్తే ఇంకొకడెక్కి అదే వాలున గీయాలి. ఓ పూట అటూ ఓ పూట ఇటూ గీస్తే గెల మొన చీలి, ధార తప్పి, ఎండుముఖం పడుతుంది.

చివరికి తేల్చారు. వచ్చే సోమవారం పొద్దున అందరి ముందూ నవీన్ గీస్తున్న చెట్టెక్కి ఐలేశం ఎడమచేత్తో గీయాలి. మాపటికి లొట్టి దించాలి. కల్లు పడితే అతని చెట్లు అతనివి. పడకపోతే జడ్చర్ల.

"కుడివాలు గెల మీద ఎడమకత్తి పెడితే ఆ పూటకు కల్లు తప్పుతది. అది మీకందరికి తెలుసు," అన్నాడు ఐలేశం.

 తెలుసు కాబట్టే ఆ షరతు పెట్టారు. చెట్టెక్కేవాణ్ణి ఎంతదాకా ఎగసనదోస్తాం అంటారు. ఎగదోయడం అటుంచి, ఇక్కడ ఎక్కేవాడి కాళ్లు పట్టి లాగుతున్నారు.

"మంచిది. సోమారమే ఎక్కుత," అని లేచాడు.

*

ఇంటికొచ్చి అటక మీది కత్తుల సంచి దించాడు. గీతకత్తికి ఒక పక్కే పదును ఉంటుంది, రెండో పక్క చదును. కుడిచేతికి నూరిన కత్తిని ఎడమచేత పడితే గెలను కోయదు, కొరుకుతుంది. పాత కత్తి ఒకటి తీసి, నూరుడు చెక్క మీద పలుగురాతి పొడి చల్లి, ఉన్న పదునును అరగదీసి రెండో పక్క కొత్త పదును పెట్టడం మొదలుపెట్టాడు. కుడిచేతికి చెక్కను అదిమిపట్టే బలం లేదు. చెక్క జారుతోంది.

పొయ్యి దగ్గర నుంచి అండాలు చూస్తోంది. చూసి చూసి వచ్చింది. "గీతకత్తి ఆడోళ్లు ముట్టద్దంటిరి. చెక్కను తొక్కొచ్చునా మరి?"

"తొక్కు."

చీర కుచ్చెళ్లు ఎగదోపి రెండు పాదాలూ చెక్క మీద పెట్టి నిలబడింది. కత్తి కదిలినప్పుడల్లా చెక్క కింద తెల్లటి పొడి రాలుతోంది.

"దవాఖానల ఆ నవనీత మేడమేమన్నది?" అని అడిగింది కాసేపటికి.

భుజానికి కసరత్తు చేయించే నవనీత ఓ రోజు బంతి ఇచ్చి తన్నమంది. కుడికాలితో తన్నాడు. విసరమంది. ఎడమచేత్తో విసిరాడు. అన్నం కుడిచేత్తో తింటాడు, రాయి ఎడమచేత్తో రువ్వుతాడు, మెట్టు ఎక్కితే కుడికాలే ముందు. ఆమె నవ్వి, చాలామందికి ఇలాగే ఉంటుంది, చెయ్యొకటీ కాలొకటీ, ఇదేం జబ్బు కాదంది. ఐలేశానికి ఆ మాట మందు కన్నా బాగా పనిచేసింది. తనలో ఏదో వంకర ఉందని అంతదాకా లోలోపల నమ్ముతూ వచ్చాడు.

"చెయ్యి ఎడమదట, కాలు కుడిదట."

"మంచిగనే ఉన్నది. నిన్ను ఎద్దోలె కాడికి ఎడమదిక్కు దాపట కట్టాల్నో, కుడిదిక్కు ఎలపట కట్టాల్నో సమజయితలేదు," అంది అండాలు.

ఐలేశం నవ్వాడు. పడ్డ తర్వాత ఆ ఇంట్లో అతను నవ్విన సందర్భాలు తక్కువ. అండాలు నవ్వలేదు. "పడితే ఈసారి నేను ఏడువ. ముందుగాలనే చెప్తున్న," అని చెక్కను ఇంకాస్త గట్టిగా తొక్కింది.

పచ్చి తాటిమట్ట తెచ్చి వాకిట్లో గుంజకు రొమ్మెత్తున కట్టాడు. కుడిచేత్తో మట్టను పట్టుకున్నాడు. పట్టుకోవడానికి ఆ చెయ్యి చాలు. ఎడమచేత కత్తి తీసుకొని మొన మీద ఆనించి లాగాడు. ఉల్లిపొర అంత పలుచని పొర లేచి నేల మీద రాలింది. మళ్లీ లాగాడు. మరో పొర. కుడిచేత్తో ఇంత పలుచన రావడానికి అతనికి ఏళ్లు పట్టింది, అదీ మనసు పెట్టి గీస్తేనే. ఎడమచేతికి మనసు పెట్టే పనే లేదు. అది ఎవరినీ అడగకుండా పనిలోకి దిగింది. ఇన్నేళ్లూ మూలన కూర్చోబెట్టినా అలగకుండా, పిలవగానే వచ్చిన చెయ్యి.  కన్నీళ్లు తుడుచుకుంటే అండాలు చూస్తుందని ఐలేశం మట్ట చిన్నదయ్యేదాకా గీస్తూనే ఉన్నాడు.

*

మరునాటి నుంచి చెలక గెట్టు మీది పొట్టి తాటిని పట్టుకున్నాడు. గీతలో లేని చెట్టు, ఎవరికీ అక్కరలేనిది. నడుముకు ముస్తాదు పట్టీ కట్టి, పాదాలకు గుజి బంధం తగిలించి, సర్కారు ఇచ్చిన కొత్త మోకును చెట్టు చుట్టూ వేశాడు. మోకును పైకి ఎగరేయడానికి రెండు చేతులూ లేవాలి. కుడిది లేవదు. పొడుగ్గా ఎగరేసే పని మానేసి జానెడు జానెడు జరిపాడు. మిగతావాళ్లు రెండు గుక్కల్లో ఎక్కే చెట్టు అతనికి పది గుక్కలైంది. ఆయాసం వచ్చింది, సిగ్గు రాలేదు. దిగి మళ్లీ ఎక్కాడు.

మూడోసారి దిగేసరికి గెట్టు మీద పెద్దులు నిలబడి ఉన్నాడు. ఎప్పుడొచ్చాడో.

"కాలేది ముందు పెట్టినవు?"

"కుడికాలే."

"కత్తి?"

"ఎడమచెయ్యి."

"ఇన్నేండ్ల నా కష్టమంత మన్నుల కలిపినవు."

ఐలేశం గుజి విప్పుతూ ఆగాడు. ఆ మాట ఎవరికీ చెప్పలేదు, అండాలుకు కూడా. ఇప్పుడు చెప్పాలనిపించింది. మెల్లగా చెప్పాలనుకున్నాడు గానీ కోపంగానే వచ్చింది.

"నేను పడ్డ దినం ఏమైందో నీకెరుకనా చిన్నాయిన? మట్ట జారిందని అందరికి చెప్పిన. మట్ట జారలే. కుడిచేతిల కెల్లి కత్తి జారింది. మట్టను పట్టుకున్న ఎడమచెయ్యి నన్నడగకుంటనే కత్తి కోసం ఉరికింది. పట్టిడిసింది. పడ్డ. కుడిచేతిల కత్తి ఎన్నడు నాది కాలే. నువ్వు పెట్టినవు, నేను పట్టుకున్న. గంతే."

పెద్దులు తలపాగా విప్పి దులిపి మళ్లీ చుట్టుకున్నాడు. చుట్టుకున్నది జారింది. దాన్ని సరిచేసుకోకుండానే గెట్టు దిగి వెళ్లిపోయాడు.

*

సోమవారం పొద్దున తాటివనంలో సంఘమంతా చేరింది. చూడడానికి ఆడవాళ్లూ వచ్చారు. అండాలు రాలేదు. వంట ఉందంది.

నవీన్ తన చెట్టు చూపించాడు. ఐలేశం మోకు విప్పుతుండగా పెద్దులు అడ్డం వచ్చాడు. "అది ఒద్దు. నా చెట్టు ఎక్కనియ్యి."

"నీ చెట్టెందుకు కాకా, పాడైతది," అన్నాడు ఎల్లేశం.

"నా చెట్టు నా ఇష్టం."

వేలు పెట్టి చూపించాడు. వనం మొత్తంలో అదే పొడుగు చెట్టు. పైన గాలికి తల ఊగుతోంది. ఐలేశం దాని మొదలు నుంచి తల దాకా చూశాడు.  కల్లు పడకుండా చేయడం చాలలేదు ముసలాయనకు, ఎక్కకుండానే తోక ముడవాలని చూస్తున్నాడు. తాడిని తన్నేవాడుంటే వాడి తలను తన్నేవాడుంటాడని, ఇన్నాళ్లకు గురువే శిష్యుడి తల తన్నడానికి వచ్చాడు.

"ఇదే ఎక్కుత," అన్నాడు పెద్దులు కళ్లలోకి చూస్తూ.

చెట్టుకు మొక్కి కుడికాలు పెట్టాడు. జానెడు జానెడు. కింద గుసగుసలు వినపడ్డాయి, తర్వాత వినపడలేదు. సగం దూరంలో భుజం నిప్పులా మండింది. మోకుకు నడుమానించి ఊపిరి తీసుకున్నాడు. చూపు కిందికి పోతుంటే బలవంతాన చెట్టు బెరడు మీద నిలిపాడు. మళ్లీ జానెడు. పైన మట్టల నీడ ముఖం మీద పడ్డాక గానీ తలెత్తలేదు. మోకును మట్టల మొదలులో బిగించి కూర్చున్నాడు. దూరంగా దేవరకొండ ఖిల్లా గోడలు కనిపిస్తున్నాయి. రెండేళ్ల తర్వాత తన ఇంటికి తాను వచ్చినట్టుంది.

లొట్టి జరిపి గెలను కుడిచేత పట్టుకున్నాడు. కత్తి తీశాడు. గెల మొన మీద ఆనించబోయి ఆగాడు.

కోత ఎడమకు వాలి ఉంది.

కళ్లు నలుపుకొని చూశాడు. పక్క గెల తిప్పి చూశాడు. ఎడమకే. మరో గెల. అదీ ఎడమకే. నిన్న మాపున గీసిన కోత, ఇంకా తడిగా, తన వాకిట్లో గుంజకు కట్టిన మట్ట మొన లాగే ఉంది. ఈ చెట్టును పెద్దులు తప్ప ఇంకొకరు ముట్టరు. జ్వరమొచ్చినా పెద్దులు తన చెట్లకు ఇంకొకరిని ఎక్కనివ్వడు. మొండితనం అనుకునేవాళ్లు అందరూ.

ఐలేశం కింద చూశాడు. తలపాగాలన్నీ చిన్నచిన్నగా కనిపిస్తున్నాయి. వాటిలో ఒకటి మాత్రం పైకి చూడకుండా వంగి ఉంది. బరిగె దెబ్బలన్నీ ఒక్కసారి చేతి మీద భగ్గుమన్నాయి. అరవాలనిపించింది. అంత ఎత్తు నుంచి అరిస్తే ఊరంతా వింటుంది.

అరవలేదు. కత్తి ఆనించి లాగాడు. ఉన్న వాలు మీదే పొర తేలిగ్గా లేచింది. కొసన కల్లు చుక్క నిలిచి, జారి, లొట్టిలో పడింది.

*

అందరూ వెళ్లిపోయారు. చెట్టు మొదట్లో పెద్దులు ఒక్కడే మిగిలాడు. ఐలేశం మోకు చుట్ట చుట్టుకుంటూ అడిగాడు.

"ఎన్నేండ్ల సంది?"

"చెట్టెక్కిన కాడి సంది."

"మరి నన్నెందుకు కొట్టినవు?"

ముసలాయన నేల మీద గీత గీస్తూ కూర్చున్నాడు. "నన్ను గూడ కొట్టిండ్రు. కొడితే పోతదనుకున్న. నాకైతే పోలే, నీకన్న పోతదనుకున్న. కింద అందరు చూస్తరు, పైన ఎవలు చూడరు. నేను గా ఉపాయంతోని ఎల్లదీసిన. నీకన్ని నేర్పిన బిడ్డా. గా ఒక్క ముచ్చట చెప్పడానికి నోరు రాలే."

"చెప్తే నేను పడకపోదును."

"అవును," అన్నాడు పెద్దులు.

ఐలేశం ఆ మాట కోసమే నిలబడ్డట్టున్నాడు. అది విన్నాక కోపం ఎటుపోయిందో దొరకలేదు. పూర్తిగా పోలేదు, పోదు కూడా. కానీ అలా కూర్చున్న మనిషి మీద దాన్ని ఎత్తడానికి చెయ్యి రాలేదు.

"నా చెయ్యి ముచ్చట నేను చెప్పుకుంట," అన్నాడు. "నీ ముచ్చట నా నోట రాదు."

*

మాపటికి లొట్టి దించాడు. అంచుదాకా నురగ. సంఘం అరుగు మీద ఎల్లేశం తాటాకు రేకలో పోయించుకొని తాగి, మూతి తుడుచుకొని తలూపాడు. ఐలేశం చెట్లు ఐలేశానివే అనబోతుండగా నవీన్ అడ్డుపడ్డాడు.

"ఒక్క నిమిషం బాబాయ్. చెట్టు కుడివాలు. అన్న గీసింది ఎడమకత్తితోని. కల్లు తప్పుతదని అన్ననే చెప్పిండు గదా. మరి లొట్టి నిండ ఎట్ల పడ్డది?"

 నవీన్ అడిగినదాంట్లో తప్పు లేదు. ఎల్లేశం రేకను కింద పెట్టాడు. ముఖం మారింది. "నడుమల ఎవడన్న ఎక్కి కల్లు పోసిండా? ఐలేశం, నిజం చెప్పు. కాటమయ్య ముంగట మోసమైతే నీకు చెట్లు కాదు, సంఘంలనే జాగా ఉండదు."

"మోసం లేదన్నా."

"మరెట్ల పడ్డది?"

 ఒక్క మాటతో తేలిపోయేది. ఎవరైనా ఎక్కి చూడండంటే చాలు. నాలుక చివరి దాకా వచ్చిన మాటను ఐలేశం మింగాడు. చెట్లు పోతాయని తెలుసు. రేపు జడ్చర్లలో గేటు దగ్గర కుర్చీ, వాచ్‌మెన్ టోపీ కళ్ల ముందు ఆడాయి. అయినా నోరు విప్పలేదు. పొద్దున ఇచ్చిన మాట మాపటికే తప్పితే ఇంక అది మాటెట్లా అవుతుంది? పళ్లు బిగించి ఎల్లేశం ముఖంలోకి సూటిగా చూస్తూ నిలబడ్డాడు.

"చెప్పవైతివి. గంతేనా ఇగ?"

"మంచిగ పడ్డది. గంతే చెప్త."

ఎల్లేశం లేచాడు. అందరూ లేవబోయారు.

"కూసోండ్రి," అన్నాడు పెద్దులు.

ఆయన అరుగు అంచు పట్టుకొని లేవడానికి కొంచెం సేపు పట్టింది. "గా చెట్టు కుడివాలని మీకెవలు చెప్పిండ్రు? ఎక్కి చూసిండ్రా? అది ఎడమవాలు. నా చెట్లన్ని ఎడమవాలే. వాడు మోసం చెయ్యలే. మోసం నాది."

 ఎల్లేశం నిలబడ్డవాడు నిలబడ్డట్టే ఉండిపోయాడు. "కాకా... మరి ఏటేట కాటమయ్య ముంగట పెట్టే తొలిలొట్టి నీ చెట్టుదే గద?"

"నా చెట్టుదే."

"ఆయన ముట్టడంటివి గద?"

"ఇన్నేండ్లు తాగిండు. ఒక్క మాటనలే. మనమే అన్నం."

వెనక నుంచి, చూడడానికొచ్చిన ముసలి బిక్షమ్మ పకపకా నవ్వింది. దేవుడికి లేని పట్టింపు మీకెందుకురా అని అరిచింది. కొందరు నవ్వారు, కొందరు నవ్వలేక నేల చూశారు. నవీన్ ఐలేశం పక్కకు వచ్చి నిలబడ్డాడు. "అన్నా, ఈ కారుకు గెలలు కుడివాలున్నయి. ఇప్పుడు మారిస్తె చెడుతయి," అన్నాడు. ఈసారి అతని గొంతులో పేచీ లేదు.

"ఎరుకే. వాటిని నువ్వే గీయి. కొత్త గెలలు పడ్డంక నేనెక్కుత," అన్నాడు ఐలేశం. "చెట్లు మాత్రం నావి. ఆ మాట ఇక్కడనే చెప్పు."

"నీవే అన్నా," అన్నాడు నవీన్, అందరికీ వినపడేటట్టు.

ఎల్లేశం కూడా తలూపాడు. ఇక చేసేదేం లేదని కాదు, ఊపాలనే అనిపించింది.

"అందాక నా చెట్లు ఇద్దరం పంచుకుంటం," అన్నాడు పెద్దులు. ఐలేశం వైపు తిరిగాడు గానీ కళ్లలోకి చూడలేకపోయాడు. "రేపు పొద్దుగాల జల్ది రా. ఇంటెనక చెట్టు మీద ఒక గెల జర మొండిది. పట్టు తెల్వకుంటే చీలుతది. దగ్గరుండి చూపిస్త."

"చూపియ్యి," అన్నాడు ఐలేశం.

"కిందనే చూపిస్త. మట్ట కట్టి, అందరి ముంగట," అన్నాడు పెద్దులు. చెప్పి, ఏళ్ల తరబడి ఎవరినీ ముట్టనివ్వని తన కత్తుల సంచిని నడుము నుంచి విప్పి శిష్యుడి చేతుల్లో పెట్టి, మెల్లగా అరుగు మెట్లు దిగి ఇంటిదారి పట్టాడు.